దారులు కదిలే లోకం రాస్తున్నారా? ముందు కదలని రాళ్ళు పాతండి

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ. మీరు గుంటూరులో ఉంటూ ఒక ఫాంటసీ నవల రాస్తున్నారు. అందులో లోకమంతా ఒక చిక్కుదారి. పటం మీద గీత గీస్తే నేల మీద దారి పడుతుంది, చెరిపితే పోతుంది. అది చాలదన్నట్టు రాత్రిపూట గోడలు వాటంతటవే జరుగుతుంటాయి. పన్నెండు అధ్యాయాలు రాసి స్నేహితుడికిస్తే ఆయన చదివి, "బాగానే ఉంది గానీ టెన్షన్ లేదురా, ఏదైనా జరగొచ్చు కాబట్టి ఏం జరిగినా ఒకటే అనిపించింది" అన్నాడు. ఇప్పుడు గోడల కదలిక తగ్గించాలా, పుస్తకం మొదట్లో మ్యాప్ వేయాలా అని అడుగుతున్నారు.

సూటిగా చెప్తాను. కదలిక తగ్గించక్కర్లేదు. కదలనివి ఏవో ముందు తేల్చుకోండి. నాలుగైదు చోట్లు, రెండు మూడు నియమాలు ఉండాలి. కొంప మునిగినా ఇవి మాత్రం మారవని పాఠకుడికి నమ్మకం కుదరాలి. ఆ నమ్మకం కుదిరాక మీరు గోడల్ని గంటకోసారి తిప్పినా ఆయన పుస్తకం మూయడు. ఇక మ్యాప్ సంగతి. వేయండి, కానీ అది లోకం మ్యాప్ కాకూడదు. ఆ లోకంలో ఎవరో ఒకరు తమ పనికోసం గీసుకున్న మ్యాప్ అయ్యుండాలి.

నేను రచయితను కాను. ముప్పై ఏళ్ళకు పైగా విజయవాడ చుట్టుపక్కల పొలాలూ స్థలాలూ కొలిచిన సర్వేయర్ని. పని మానేశాక ఏడేళ్లుగా ఆదివారం సాయంత్రాలు మా అపార్ట్‌మెంట్ మేడ మీద పిల్లలతో ఒక కథల ఆట నడుపుతున్నాను. నేను లోకం చెప్తాను, వాళ్లు పాచికలు వేసి అందులో తిరుగుతారు. ఆ లోకం పేరు మెలికనాడు. అక్కడా గోడలు నడుస్తాయి, అక్కడా గీతకి దారి పుడుతుంది. మీరు పడ్డ గుంటలో నేను ముందే పడి లేచాను.

ఎలా పడ్డానంటే, మొదటి నెలంతా పిల్లలు ఎక్కడ గెలిచేలా ఉంటే అక్కడ ఒక గోడ లేపేవాణ్ణి. నాకది గొప్ప మాయలా ఉండేది. నాలుగో ఆదివారం ఆరో తరగతి కుర్రాడొకడు పాచికలు పక్కన పెట్టేసి, "తాతగారూ, మేం ఎటెళ్లినా మీరు గోడ పెడతారు కదా, ఎటెళ్లాలో మీరే చెప్పేయండి, త్వరగా అయిపోతుంది" అన్నాడు. వాడు కోపంగా అనలేదు, నామీద జాలిపడి అన్నాడు. మీ స్నేహితుడు అన్నది కూడా ఇదే మాట. గోడని జరిపింది లోకం కాదు, చెప్పేవాడి చెయ్యి అని తెలిసిపోయిన క్షణంలో ఆట చచ్చిపోతుంది.

దానికి మందు మా ఇంట్లోనే దొరికింది. దసరా సెలవులకొచ్చిన మనవరాలు వైకుంఠపాళి పరిచింది. పై వరసల దాకా ఎక్కి, పెద్ద పాము నోటికి రెండు గడుల దూరంలో ఉండి పాచిక వేయాల్సి వస్తే చిన్నదానికి చేతులు వణుకుతున్నాయి. ఎందుకని? పాము ఎక్కడుందో కనపడుతోంది కాబట్టి. అది నిన్నా అక్కడే ఉంది, రేపూ అక్కడే ఉంటుంది. పాచిక మాత్రమే చెప్పిన మాట వినదు. అదే పటంలో పాములు కూడా ప్రతి ఆటకీ ఇష్టమొచ్చిన చోటుకి పాకుతుంటే ఎవరూ భయపడరు, "సరేలే" అనుకుని వేస్తారు. మీ నవలలో ప్రస్తుతం పాములు పాకుతున్నాయి. పాచిక కూడా దొర్లుతోంది. రెండూ ఒకేసారి వద్దు.

## రాయి సంగతి

కొలత పనిలో మొదటి రోజు నేర్పేది గొలుసు పట్టుకోవడం కాదు, రాయి వెతకడం. పాత గొలుసు 66 అడుగులు, అందులో 100 లింకులు. పది చదరపు గొలుసులైతే ఎకరం. ఈ లెక్కలు ఒక పూటలో వచ్చేస్తాయి. కానీ కొలత ఎక్కడినుంచి మొదలెట్టాలి? ఎఫ్‌ఎంబి కాగితంలో, అంటే పొలం కొలతలు గీసి ఉంచే ఫీల్డ్ మెజర్‌మెంట్ బుక్కులో, ఉన్న రాళ్లలో కనీసం రెండు నేలమీద దొరికితే తప్ప మిగతాదంతా గాలిలో గీసినట్టే. మూడు ఊళ్ల పొలిమేరలు కలిసేచోట రాయి దొరికిందంటే ఆ పూట భోజనం రుచే వేరు.

లంక భూములు కొలిచినప్పుడు ఈ రాయి విలువ బాగా తెలిసింది. కృష్ణ ఒక ఒడ్డున కోత కోస్తుంది, ఇంకోచోట మేట వేస్తుంది. ఒకసారి ఒక లంకలో నాలుగెకరాల పొలం చూపించమంటే రైతు గట్టున నిలబడి నది మధ్యకి చెయ్యి చాపాడు. "అదిగోనండి, ఆ నీళ్లు సుడి తిరుగుతున్నాయే, అక్కడినుంచి మా గట్టు." నవ్వు ఆపుకుని చూశాను. ఆయన హాస్యమాడటం లేదు. కరకట్ట మీద రాయి, దాని వెనక తాడిచెట్టు, ఈ రెండూ ఒకే వరసలో పెట్టుకుని చెప్తున్నాడు. మేం గొలుసుతో లెక్క తేల్చుకుంటే ఆయన చెప్పిన చోటికి పది అడుగుల తేడా కూడా రాలేదు. నేల పోయింది, కాని రాయీ చెట్టూ ఉన్నాయి కాబట్టి పొలం పోలేదు.

2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి విజయవాడలో సింగ్‌నగర్ మునిగినప్పుడు కూడా చూశాను. తెలిసిన వీధులే, కాని నీళ్ల కింద ఏది రోడ్డో ఏది కాలవో తెలియదు. పడవలో వెళ్లేవాళ్లకి పైనుంచి జనం దారి చెప్పేవాళ్లు. "పచ్చ వాటర్ ట్యాంకు కనపడుతోందా? దానికి ఎడమగా రండి, సెల్ టవర్ మీ వీపు వెనక ఉండాలి." వీధి పేరు ఒక్కరూ చెప్పలేదు. పాఠకుడి కాళ్లకింద నీళ్లు పెట్టండి, ఫరవాలేదు. కాని కళ్ళకి ఒక పచ్చ ట్యాంకు ఇవ్వండి.

మీ లోకంలో అలాంటివి నాలుగైదు చాలు. మెలికనాడులో నావి ఇవి: ఎప్పుడూ ఒకే దిక్కున వినపడే జలపాతం హోరు, ఒక గంటస్తంభం, ఉప్పు అమ్మే అంగడి, కథ మొదలైన గుమ్మం. అన్నీ కంటికి కనపడేవే కానక్కర్లేదు. గోడల మధ్య ఉన్నవాడికి చప్పుడూ వాసనా ఎక్కువ పనికొస్తాయి.

## గోడ ఎప్పుడు, ఎందుకు కదులుతుంది?

మీరు రాసిన దాంట్లో నాకు కనపడని ముఖ్యమైన సంగతి ఇది. "రాత్రిళ్లు కదులుతాయి" అన్నారు. రాత్రి ఎన్ని గంటలకి? ఎంత దూరం? గోడతో పాటు గోడమీద కాకి కూడా వెళ్తుందా?

మనకి దీనికన్నా పెద్ద పాఠం భారతంలో ఉంది. కురుక్షేత్రం 13వ రోజు పద్మవ్యూహం. దాన్ని కదిలే చిక్కుదారి అని మనం ఎప్పుడూ అనుకోం గానీ, గోడలు మనుషులైన చిక్కుదారి అది. అందులో నియమాలు ఎంత గట్టిగా బిగించి ఉన్నాయో చూడండి. లోపలికి వెళ్లడం వచ్చు, బయటికి రావడం రాదని అభిమన్యుడు ముందే ధర్మరాజుతో చెప్తాడు. మేం నీ వెనకే వస్తామని పాండవులు మాటిస్తారు. అర్జునుడు సంశప్తకులతో యుద్ధానికి దూరంగా వెళ్లి ఉన్నాడు. సైంధవుడికి వరం ఉంది, అది కూడా అర్జునుడు తప్ప మిగతా పాండవులను అడ్డుకోగలిగే వరం. నాలుగు తలుపులు నాలుగు తాళాలు. ఒక్కటి వదులైనా కుర్రాడు బతికేవాడు. వింటున్నవాళ్లకి ఇదంతా ముందే తెలుసు, అయినా ప్రతిసారీ గొంతు పట్టుకుంటుంది. "సైంధవుడిలా అడ్డుపడ్డాడు" అని ఇప్పటికీ ఇంటింటా అంటున్నామంటే, ఆ గోడ ఎందుకు మూసుకుందో జనానికి అంత బాగా అర్థమైంది కాబట్టే. వ్యాసుడు అక్కడ "ఏదో మాయవల్ల దారి మూసుకుపోయింది" అని రాసి ఉంటే?

నియమం పెద్దదిగా ఉండక్కర్లేదు. మీరు గుంటూరు వాళ్లు కాబట్టి ఒక ఉదాహరణ మీ ఊరినుంచే చెప్తాను. బ్రాడీపేటలో అడ్రసు ఎలా చెప్తారో మీకు తెలుసు. నాలుగో లైను, పద్నాలుగో అడ్డరోడ్డు అంటే 4/14. గడుల కాగితం మీద ఊరు కట్టినట్టుంటుంది. మా వన్‌టౌన్‌లో కొండ పక్కన సందుల్లో పుట్టినవాళ్లకి అది అసూయపడే విషయం. మాకు అడ్రసంటే "మెట్లెక్కి, కుళాయి దగ్గర కుడికి, కుక్క అరిస్తే అదే ఇల్లు".

ఇప్పుడు పదిహేను లైన్లు, పదిహేను అడ్డరోడ్లు ఉన్న ఒక ఊహా పేట అనుకోండి. నియమం ఒక్కటే: అమావాస్య రాత్రి లైను నంబరూ అడ్డరోడ్డు నంబరూ తారుమారవుతాయి. 4/14 లో పడుకున్నవాడు 14/4 లో లేస్తాడు. మళ్లీ అమావాస్యకి వెనక్కి. ఇంతే. ఇక ఈ ఒక్క నియమం నుంచి ఏమేం పుడతాయో చూడండి. 1/15 లో ఉన్నవాడి బతుకు తలకిందులవుతుంది, నిన్నటిదాకా ఊరి ఈ మూల, ఇవాళ ఆ మూల. 7/8 లో ఉన్నవాడికి పెద్ద తేడా లేదు, పక్క సందుకి మారాడంతే. 5/5 లో, 9/9 లో ఉన్నవాళ్లు అసలు కదలరు. అంటే పేట మధ్యగా ఐమూలగా ఒక వరస ఇళ్లు స్థిరంగా ఉంటాయి. అక్కడ అద్దెలు మండిపోతాయి. డబ్బున్నవాళ్లు, వడ్డీ వ్యాపారులు, గుళ్లు, ఆసుపత్రి అక్కడే ఉంటాయి. 1/15 లాంటి మూలల్లో ఎవరుంటారు? అప్పులవాళ్లకి దొరక్కూడదనుకునేవాళ్లు. పెళ్లిసంబంధం మాట్లాడేటప్పుడు "మీ ఇల్లు ఎంత కదులుతుందండీ?" అని అడుగుతారు. నేను కూర్చుని ఊహించింది కాదు ఇదంతా, మేడ మీద పిల్లలు అరగంటలో చెప్పింది. నియమం గట్టిగా ఉంటే మిగతా లోకాన్ని చదివేవాళ్లే కట్టుకుంటారు.

## సుద్దముక్క కథ

దీన్ని కాస్త వివరంగా చెప్తాను, ఎందుకంటే ఈ ఏడేళ్లలో నాకు అన్నిటికన్నా నచ్చిన సంఘటన ఇది.

చిక్కుదారుల్లో అందరికీ తెలిసిన ఉపాయం కుడిచెయ్యి గోడకానించి వదలకుండా నడవడం. బయటి ప్రహరీతో కలిసిన గోడైతే ఎప్పటికైనా గుమ్మం చేరతారు. కాని దేనితోనూ కలవని గోడ ఒకటి మధ్యలో లంకలా ఉందనుకోండి, దాన్ని పట్టుకుంటే దాని చుట్టూ ప్రదక్షిణలే. ఇంకొంచెం తెలివైన పద్ధతి 19వ శతాబ్దంలో ఫ్రాన్స్‌లో ట్రెమో అనే ఆయన పేరుమీద వచ్చింది. వెళ్లిన ప్రతి దారికీ గుర్తు పెట్టాలి, రెండు గుర్తులు పడ్డ దారిలోకి మళ్లీ అడుగుపెట్టకూడదు. గోడలు కదలనంతవరకూ ఇది పనిచేస్తుంది.

మా ఆటలో ఎనిమిదో తరగతి అమ్మాయి ఒకతె ఉండేది. మాట తక్కువ, వెనక కూర్చునేది. తన పాత్ర చేతిలో సుద్దముక్క ఉందని మొదటే చెప్పి, దారి మొదట్లో గీతలు గీసుకుంటూ వచ్చింది. మెలికనాడులో దీపాలు పెట్టే వేళకి ప్రతి గోడా తన దిక్కులో ఒక గడి జరుగుతుంది, చివరిదాకా వెళ్లాక వెనక్కి తిరుగుతుంది. గోడ మీది గుర్తు గోడతోనే పోతుంది. రెండో వారానికి ఆమె గుర్తులన్నీ చెదిరిపోయాయి. మిగతా పిల్లలు "వేస్ట్, సుద్ద పారెయ్" అన్నారు.

ఆమె పారేయలేదు. దారులకి గుర్తు పెట్టడం మానేసి గోడలకి పేర్లు రాయడం మొదలుపెట్టింది. పగులుగోడ, పావురాల గోడ, పచ్చగోడ. ఒకదానికి అత్తగోడ అని పేరు పెట్టింది, ఎప్పుడు చూసినా ఎదురొస్తుందని. నోటుబుక్కులో ఒక్కో గోడకి ఒక్కో పేజీ. ఏ రోజు ఎక్కడ కనపడిందో రాసుకుంటూ పోయింది. ఐదో ఆదివారం అందరూ ఒక మూల ఇరుక్కుని వాదులాడుకుంటుంటే, ఆమె పుస్తకంలోంచి తలెత్తకుండానే, "ఇప్పుడెటూ వెళ్లొద్దు. పగులుగోడ ఈ సాయంత్రం ఇక్కడికొస్తుంది, రేపు వెనక్కి తిరుగుతుంది. అది వెళ్తుంటే దాని వెనకే నడుద్దాం, గోడే మనకి దారి చేస్తుంది" అంది.

మేడ మీద ఒక్కరు మాట్లాడితే ఒట్టు. కింద ఎవరింట్లోనో కుక్కర్ విజిల్ వేసింది, అది తప్ప చప్పుడు లేదు. నేను నా కాగితాలు తిరగేసి చూసుకున్నాను. నిజమే. నియమం నాదే, కాని గోడ వెనక నడవొచ్చన్న ఆలోచన నాకే రాలేదు.

మీ నవలలో ఇలాంటి క్షణం ఒక్కటి పడితే చాలు, దాని చుట్టూ మిగతా అధ్యాయాలు సర్దుకోవచ్చు. మీ నాయిక లోకాన్ని జయించక్కర్లేదు, దాని అలవాటు పట్టుకుంటే చాలు. ఆమె కన్నా ఒక్క వాక్యం ముందు పాఠకుడికి తట్టాలి. అలా తట్టాలంటే మూడో అధ్యాయంలో గోడకి పగులు కనపడి ఉండాలి, ఆరో అధ్యాయంలో అదే పగులు ఇంకోచోట కనపడి ఉండాలి. ఆ రెండుచోట్లా మీరు దాని గురించి ఏమీ అనకూడదు.

## గీత గీస్తే నేల మారడం

ఇది మీ లోకంలో రెండో మాయ. నా దృష్టిలో మొదటిదానికన్నా ఇదే బలమైనది, కాని మీరు దీన్ని ఉచితంగా పంచిపెడుతున్నారు. గీయగానే దారి వచ్చేస్తే ఇక కష్టమేముంది?

సర్వేయరుకి ఒక సంగతి బాగా తెలుసు. గీత ఒక లింకు అటు జరిగితే నేల కొత్తగా పుట్టదు, చేతులు మారుతుంది. ఒకడికి కలిసిన సెంటు ఇంకొకడికి పోయినదే. నా ఉద్యోగం మొదట్లో ఒక ఆఫ్‌సెట్, అంటే గొలుసు గీత నుంచి పక్కకి కొలిచిన దూరం, తప్పు చదివి 63 లింకులకి 36 వేశాను. అంకెలు తారుమారయ్యాయంతే. ఇద్దరు అన్నదమ్ములు గట్టు దగ్గర కొట్టుకునేదాకా వెళ్లింది. తప్పు నాదని తేల్చి మళ్లీ గీసేసరికి మూడు నెలలు పట్టింది, ఆ మూడు నెలలూ వాళ్ల పిల్లలు ఒకే బడికి వేర్వేరు దారుల్లో వెళ్లారు. కాగితం మీద ఆ తప్పు గోరంత కూడా లేదు.

అందుకే మెలికనాడులో దారి మొత్తం ఇన్ని గొలుసులే అని లెక్క ఉంటుంది. కొత్తగా మూడు గొలుసుల వంతెన గీస్తే ఎక్కడో మూడు గొలుసుల బాట మాయమవుతుంది. ఎక్కడన్నది గీసినవాడికి తెలియదు, నేను మాత్రం ముందే రాసి పెట్టుకుంటాను. ఒక కుర్రాడు లోయ మీద దర్జాగా వంతెన గీశాడు, అందరూ చప్పట్లు కొట్టారు. మూడు వారాల తర్వాత, మొదట్లో వాళ్లకి అన్నం పెట్టిన నూనె అమ్మే ముసలామె ఊరికి వెళ్తే, నూతికి వెళ్లే బాట మధ్యలో ఆగిపోయి ఉంది. ఖాళీ బిందెలు వరసగా పెట్టి ఉన్నాయి. నేను ఇంకేం చెప్పలేదు. ఆ కుర్రాడే లెక్కపెట్టుకుని, "మూడు గొలుసులా తాతగారూ?" అని అడిగాడు.

ఇలాంటివి గుర్తుంచుకోవడానికి భూమి చేతులు మారినప్పుడల్లా రెవెన్యూ వాళ్లు రాసుకునే మ్యుటేషన్ రిజిస్టరు లాంటిది ఒకటి పెట్టుకోండి. ఏ రోజు, ఎవరు గీశారు, ఏం మారింది, ఎవరికి పోయింది. నాలుగో గడి ఖాళీగా ఉన్న మార్పుని నవలలోంచి తీసేయండి. మీ పన్నెండు అధ్యాయాల్లో సగం మార్పులు అలా రాలిపోతాయని నా అనుమానం. రాలిపోనివ్వండి.

పటం నేలని మార్చడం అంత అసాధ్యమైన ఊహేమీ కాదు. 1930లలో అమెరికాలో న్యూయార్క్ రాష్ట్రం మ్యాప్ వేసిన కంపెనీ ఒకటి, తమది ఎవరైనా కాపీ కొడితే పట్టుకోవడానికి ఆగ్లో అనే లేని ఊరిని ఒక కూడలిలో రాసింది. తర్వాత ఇంకో కంపెనీ మ్యాప్‌లో అదే పేరు కనపడింది. దొరికారనుకున్నారు. తీరా చూస్తే ఆ కూడలిలో నిజంగానే ఆగ్లో జనరల్ స్టోర్ అని ఒక కొట్టు ఉంది. మ్యాప్‌లో ఆ పేరుంది కదా అని కొట్టువాళ్లు అదే పెట్టుకున్నారు. దీనికి ఎదురు కథ కూడా ఉంది. మన దేశపు తొలి మంచి పటాల్లో ఒకటి గీసిన జేమ్స్ రెన్నెల్, 1798లో ఆఫ్రికా పటం గీస్తూ కాంగ్ పర్వతాలని ఒక పెద్ద కొండల వరస వేశాడు. అవి లేనే లేవు. ఫ్రెంచి అధికారి బింజర్ ఆ దారిన నడిచి వెళ్లి, అక్కడ కొండలు లేవని చెప్పేదాకా దాదాపు తొంభై ఏళ్లు ఒకరిని చూసి ఒకరు వాటిని గీస్తూనే పోయారు. లేని కొండని తప్పించుకోవడానికి చుట్టుతిరిగి వెళ్లే వర్తకుడొకడు మీ నవలలో ఉంటే నేను డబ్బిచ్చి కొంటాను.

## మ్యాప్ వేయాలా?

వేయండి, కాని ఎవరిదో చెప్పి వేయండి. ఎఫ్‌ఎంబిలో పొలం గట్టు అంగుళం తప్పకుండా ఉంటుంది. ఆ గట్టు మీద అడ్డంగా పడి బడికెళ్లే పిల్లల కాలిబాట ఉండదు. గీసినవాడికి శిస్తు కావాలి, కాలిబాటకి శిస్తు లేదు. మీ లోకంలో పన్ను వసూలుదారు మ్యాప్ ఒకటి, మేకలు కాసేవాడు నేల మీద పుల్లతో గీసింది ఒకటి ఊహించుకోండి. మొదటిది పుస్తకం ముందు అచ్చువేయండి. అందులో ఒకే ఒక్క తప్పుండాలి, ఆ తప్పువల్ల వసూలుదారుకి లాభం ఉండాలి. చదివేవాడు ఎనిమిదో అధ్యాయంలో గబగబా వెనక్కి తిప్పి మ్యాప్ చూస్తాడు. ఆ తిప్పడం కోసమే మ్యాప్ వేసేది.

ఇంకో మాట. మ్యాప్‌తో పాటు కైఫీయత్తు రాయండి. కాలిన్ మెకంజీ అనే ఇంగ్లీషు దొరల కాలపు సర్వేయరు 1797లో మీ గుంటూరు దగ్గరి అమరావతికి వచ్చి స్తూపం శిథిలాలు చూశాడు, తర్వాత 1815లో భారతదేశానికి మొదటి సర్వేయర్ జనరల్ అయ్యాడు. ఆయన కొలతలతో ఆగలేదు. కావలి బొర్రయ్య, లక్ష్మయ్య వంటి మనవాళ్ల సాయంతో ఊరూరి కథా, గుడి సంగతీ, చెరువు ఎవరు తవ్వించారన్నదీ సేకరించాడు. అవే కైఫీయత్తులు. ఒక్కటి చదివినా ఆ ధోరణి పట్టుబడుతుంది. పొడిగా మొదలై, మధ్యలో దేవుడు కలలో కనపడి, చివరికి మాన్యం ఎంతో లెక్కతో ముగుస్తుంది. మీ రెండో అధ్యాయంలో లోకం ఎలా పనిచేస్తుందో ఆరు పేజీలు వివరించారన్నారు కదా. అది తీసేసి, ఒక కరణం రాసిన అరపేజీ కైఫీయత్తు పెట్టి చూడండి. "ఈ గోడ సాయంకాలమందు ఒక గడి తూర్పునకు జరుగును, ఇందు నిమిత్తము గ్రామస్థులకు ఏటా రెండు పుట్ల ధాన్యము తగ్గింపు కలదు" అంటే పని అయిపోయింది.

## చేత్తో చేసి చూడండి

కంప్యూటర్‌లో వద్దు. ఇంట్లో పాత శుభలేఖలు ఉంటాయి, ఆ దళసరి అట్ట దీనికి బాగా పనికొస్తుంది. ఏడు వరసలకి ఏడు చొప్పున 49 చదరపు ముక్కలు కోయండి. ఒక్కోదాని మీద దారి గీయండి: నిట్టనిలువు, మలుపు, మూడుదార్లు. నాలుగు మూలలవీ, నడిమిదీ డ్రాయింగ్ అట్టకి జిగురుతో అంటించేయండి. అవే మీ రాళ్లు. మిగతావి మీ నియమం ప్రకారం జరుపుతూ, ఒక శనగగింజని మీ నాయిక అనుకుని నడిపించండి. అంటించిన ముక్కలున్న వరసని జరపలేరు, ఆ సంగతి చేత్తో తగిలినప్పుడే అర్థమవుతుంది. నేను మొదటిసారి చేసినప్పుడు నా నియమం ప్రకారం ఊరి జనమంతా ఆకలితో చచ్చిపోతారని తేలింది, అంగడికి వారంలో ఆరు రోజులు దారే లేదు. కాగితం మీద రాసినప్పుడు ఆ సంగతి తెలియలేదు.

నాలుగైదు కదలికలయ్యాక ఒకసారి మయసభ గుర్తుచేసుకోండి. దుర్యోధనుడు మొదట స్ఫటికపు నేలని నీళ్లనుకుని బట్టలు ఎత్తిపట్టుకున్నాడు, నవ్వులపాలయ్యాడు. ఆ తర్వాత నిజమైన నీళ్లని నేలనుకుని అందులో పడ్డాడు. మొదటి తప్పు నేర్పిన పాఠమే రెండోసారి ముంచింది. మయుడు ఆ సభని పద్నాలుగు నెలలు కట్టాడంటారు, ఆ తెలివికి పడుతుంది మరి. మీ చిక్కుదారి నాయికకి ఒక పాఠం నేర్పాలి, అది నిజంగా రెండుసార్లు పనికిరావాలి, మూడోసారి అదే ఆమెని ముంచాలి. కాని అప్పుడు కూడా నియమం మారకూడదు, ఆమె దాన్ని సగమే అర్థం చేసుకుని ఉండాలి. ఈ తేడా పాటించకపోతే మళ్లీ మా ఆరో తరగతి కుర్రాడి మాటే వినాల్సి వస్తుంది.

రాసిన పన్నెండు అధ్యాయాలు చింపేయకండి. ముందు రిజిస్టరు రాయండి, తర్వాత మొదటి అధ్యాయం ఒక్కటి మళ్లీ రాసి అదే స్నేహితుడికివ్వండి, కొత్తవాళ్లకి కాదు. ఆయన చదివాక బాగుందా అని అడక్కండి. "రేపు సాయంత్రం ఏ గోడ జరుగుతుందనుకుంటున్నావు?" అని అడగండి. ఆయన ఒక గోడ పేరు చెప్తే, అది తప్పయినా సరే, రెండో అధ్యాయానికి వెళ్లండి. మీ లోకంలో గోడలు కదిలే వేళ ఏదో, గీత గీసినందుకు ఎవరికి పోతుందో తేల్చుకున్నాక ఇక్కడే రాస్తే, శుభలేఖ ముక్కల మీద వేసి చూసి ఏం తేలిందో చెప్తాను. ఆదివారం కాకుండా చూడండి, ఆ రోజు ముక్కలు పిల్లల దగ్గర ఉంటాయి.